నల్లపట్టీ ఎందుకు తెల్లబోయింది?

పిల్లలూ! మైపాడు సముద్రతీరాన మా ఇంటిముందు పాత మారుతి 800 కారొకటి ఉన్నది. దాని తలుపుల మీది నల్లని ప్లాస్టిక్ పట్టీ బూడిదరంగుకు తిరిగింది. తాకితే చేతికి పొడి అంటుతున్నది.

"రంగు వేస్తే సరి గదా, తాతయ్యా!" అన్నాడు మా మనుమడు.

సరిపోదు. ప్లాస్టిక్ అంటే పొడుగాటి అణువుల గొలుసుల అల్లిక. ఎండలోని అతినీలలోహిత కిరణాలు, ప్రాణవాయువు కలిసి ఆ గొలుసులను తెంపుతాయి. నలుపు కోసం కలిపిన మసి ఆ కిరణాలను చాలావరకు తానే మింగుతుంది. అయినా ఏళ్ల తరబడి మా తీరపు ఎండకు ఎంతని ఓర్చుకుంటుంది?

పట్టీ ఊడదీస్తుంటే పెళుసెక్కిన క్లిప్పులు టపటప విరిగాయి. అసలు సంగతి అప్పుడు బయటపడింది. పట్టీ చాటున ఇసుక, ఉప్పు చేరి రేకు తుప్పుపట్టింది! ఉప్పు గాలిలోని చెమ్మను పీల్చుకుని రేకును ఆరనివ్వదు. మరికొన్నాళ్లు ఊరుకుంటే తలుపుకు చిల్లే!

మంచినీళ్లతో కడిగి, ఆరబెట్టి, తుప్పు గీకి, రెడ్ ఆక్సైడ్ పూశాము. అది ఆరాకనే కొత్తపట్టీ బిగించాము. గీకుడు పని మనుమడిదే.