గాడ్జిల్లాకు ఊరుంది, మన రాక్షసికి లేదు

రాక్షస సినిమాలు ఆయా కాలాల భయాలకు అద్దం అంటారు. సరే, అద్దమే అనుకుందాం. అందులో ఎవరి మొహం కనబడుతోందో మాత్రం ఎవరూ అడగరు.

'గాడ్జిల్లా' అనగానే మనకు టోక్యో మేడలు కూలడమే గుర్తొస్తుంది. ఇషిరో హోండా సినిమా మాత్రం నడిసముద్రంలో ఓడ తగలబడటంతో మొదలవుతుంది. కంపెనీ ఆఫీసు దగ్గర ఓడలోవాళ్ళ కుటుంబాలు గుమిగూడతాయి. ఓడో దీవిలో వలకు చేప పడదు. రాక్షసి పేరు మొదట ఎత్తేది ఆ దీవిలోని ముసలి జాలరి. అదేం కల్పన కాదు. 1954 మార్చి 1న బికినీ దీవుల దగ్గర అమెరికా హైడ్రోజన్ బాంబు పేల్చింది. ఆ బూడిద 'లక్కీ డ్రాగన్' అనే చేపల పడవలోని 23 మంది మీద పడింది. సెప్టెంబర్‌లో వాళ్ళలో ఒకరు చనిపోయారు. నవంబర్ 3న సినిమా విడుదలైంది. ఎనిమిది నెలలే! 1956లో అమెరికావాళ్ళు దాన్ని తమ జనానికి చూపేటప్పుడు ఒక అమెరికన్ విలేకరి పాత్రను ఇరికించి, బాంబు మాటల్ని చాలావరకు కత్తిరించారు. ఆ కత్తెర ఎక్కడ పడిందో చూస్తే చాలు, సినిమా ఎవరికి గుచ్చుకుందో తెలుస్తుంది.

మరి మనం? 'ఆదిత్య 369'లో అణుయుద్ధం తర్వాతి లోకం 2504లో ఉంటుంది. 'కల్కి'లో వనరులన్నీ పీల్చేసే కాంప్లెక్స్ 2898లో. రెండూ నాకిష్టమే. మొదటిది తీసిన సింగీతం మా నెల్లూరు జిల్లా మనిషే. కానీ సినిమా వచ్చిన ఏడాది నుంచి లెక్కేస్తే ఒక భయం 513 ఏళ్ళ దూరం, ఇంకోటి 874 ఏళ్ళ దూరం. అంత దూరాన ఉన్న దోషిని ఎవరు నిలదీస్తారు?

నేను జువ్వలదిన్నె తీరం వైపు మనిషిని. మా రాక్షసికి తేదీలున్నాయి. తొంభైల్లో నెల్లూరు తీరం పొడుగునా రొయ్యల గుంటలు లేచాయి. ఉప్పునీళ్ళు భూమిలోకి దిగి మంచినీళ్ళ బావులు చెడిపోయాయి. 1996 డిసెంబర్ 11న సుప్రీంకోర్టు, సంప్రదాయ పద్ధతివి తప్ప, తీర నియంత్రణ పరిధిలోని గుంటలన్నీ తీసెయ్యమంది. రాక్షసి చచ్చిందనుకున్నాం. 2005లో పార్లమెంటు చట్టం చేసి దాన్ని బతికించింది. ఇంతకన్నా మంచి సీక్వెల్ ఏ స్టూడియో తీసింది?

రొయ్య మాకు కూడు పెట్టలేదా అంటారు. పెట్టింది. అందుకే అది మంచి రాక్షసి పాత్ర. కూడు పెట్టే చెయ్యే బావిలో ఉప్పు కలిపితే కథ అక్కడే ఉంది. ఇలాంటివి ఎవరు చూస్తారంటారా? గాడ్జిల్లాకు జపాన్‌లో 90 లక్షలకు పైగా టికెట్లు తెగాయి.

రాసేవాళ్ళని నేనడిగేది ఒక్కటే. మేడలు కూలే సీన్ తర్వాత పెట్టుకోండి. ముందు వేటకు పోయిన బోటు ఖాళీ వలతో తిరిగిరావడం చూపించండి. ఆ ఊరి పేరు కూడా చెప్పండి.