అంచు ఎవరికి? లెటీసియా నగరం గురించిన ఒక అపోహకు ఖండన

అమెజాన్ నది ఎడమ ఒడ్డున, భూమధ్యరేఖకు నాలుగు డిగ్రీల దక్షిణాన, కొలంబియా, బ్రెజిల్, పెరూ దేశాలు కలిసే చోట ఉన్న లెటీసియా నగరం గురించి పత్రికలు, యాత్రా రచనలు, ప్రభుత్వ ప్రణాళికలు చాలాకాలంగా ఇంచుమించు ఒకే మాట చెబుతున్నాయి. అది దేశం ముగిసే చోటు, రోడ్డు లేని మారుమూల, రాజ్యం అందక చట్టం చెల్లని ప్రదేశం. కనుక దానికి కావలసింది మరింత సైన్యం, మరింత సార్వభౌమాధికార ప్రదర్శన అన్నది ఆ మాటల సారాంశం. ఆ దేశాల రాజధానులైన బొగోటా, లిమా, బ్రెజీలియా నుంచి చూసేవారికి ఈ అభిప్రాయం సహజంగానే తోస్తుంది గానీ, నది వెంట సాగిన చరిత్రను పరిశీలిస్తే అందులో ఏ భాగమూ నిలవదు.

మారుమూల అనడానికి మొదట చూపే ఆధారం రోడ్డు లేకపోవడం. అమెజోనాస్ అనే పరిపాలనా విభాగానికి రాజధాని అయిన లెటీసియా నుంచి కొలంబియాలోని మిగతా నగరాలకు నేలదారి లేదన్నదీ, బొగోటా చేరాలంటే అడవి మీదుగా వెయ్యి కిలోమీటర్లకు పైగా విమానంలో పోవాలన్నదీ వాస్తవమే. అయితే ఈ ప్రాంతంలో దారి అంటే నది. సముద్రపు ఓడలు ఎగువన ఉన్న పెరూ నగరం ఇకీటోస్ దాకా వెళ్లగలిగిన ఈ జలమార్గాన్ని బ్రెజిల్ అన్ని దేశాల నౌకలకు తెరిచింది 1867లో. పెరూ అధికారి బెనిగ్నో బుస్తమాంతే ఈ ఊరిని స్థాపించిందీ అదే సంవత్సరంలో. అంటే లెటీసియా పుట్టినది ఖండంలోని అతి పెద్ద రహదారి పక్కన. ఒప్పందం ద్వారా తనకు దక్కిన ఈ ఊరి కోసం 1932–33లో కొలంబియా పెరూతో పోరాడవలసి వచ్చినప్పుడు, ఆ దేశపు యుద్ధనౌకలు అట్లాంటిక్ నుంచి అమెజాన్ ముఖద్వారంలో ప్రవేశించి, బ్రెజిల్ భూభాగం గుండా పైకి రావలసి వచ్చింది. తన ఊరిని తానే పరాయి దేశం మీదుగా చేరుకోవలసి రావడం బొగోటాకున్న దూరాన్ని చూపుతుంది తప్ప లెటీసియా ఏకాకితనాన్ని చూపదు.

నేటి జీవనం కూడా ఈ మాటనే బలపరుస్తుంది. లెటీసియా ప్రాంతంలో సుమారు 50 వేలమంది, దానిని ఆనుకుని ఉన్న బ్రెజిల్ పట్టణం తబటింగాలో 60 వేలకు పైగా జనం నివసిస్తున్నారు. ఈ రెంటి మధ్య గోడ గానీ కంచె గానీ లేదు, ఒక దేశపు వీధే పేరు మార్చుకుని రెండో దేశంలో కొనసాగుతుంది. దుకాణాలలో కొలంబియా పెసో, బ్రెజిల్ రియల్ రెండూ చెల్లుతాయి. కర్రపెండలం తురిమి, రసం పిండి, వేయించి చేసే ఫరీన్యా అనే నూక, అమెజాన్ పెద్ద చేప పిరరుకూ రెండు వైపుల వంటిళ్లలోనూ కనిపిస్తాయి. దిగువన ఉన్న బ్రెజిల్ నగరం మనావుస్‌కు పడవలు, ఎగువకు ఇకీటోస్ పడవలు ఈ చుట్టుపక్కల రేవుల నుంచే బయలుదేరుతాయి. లక్షకు పైగా జనం ఉన్న జంట పట్టణాన్ని సగానికి కోసి, ఒక సగాన్ని మాత్రమే లెక్కించి, అది చిన్నదనీ ఒంటరిదనీ జాలిపడటం లెక్కలోని లోపమే.

రాజ్యం ఇక్కడికి రాలేదన్న రెండో వాదన చరిత్రకు మరింత విరుద్ధం. పోర్చుగీసువారు 18వ శతాబ్దంలోనే తబటింగాలో కోట కట్టారు. ఆ చోటి నుంచి అపపోరిస్ నది సంగమం వరకు అడవి మీదుగా ఒక సరళరేఖను సరిహద్దుగా నిర్ణయించింది 1851 నాటి బ్రెజిల్–పెరూ ఒప్పందం. 1922లో లిమాలో రహస్యంగా కుదిరిన సాలమన్–లొసానో ఒప్పందం ద్వారా పెరూ తన ఊరైన లెటీసియాను, దానితోపాటు అమెజాన్ ఒడ్డుకు చేరే భూభాగాన్ని కొలంబియాకు వదులుకుంది. అప్పగింత 1930లో జరిగింది. ఈ మార్పును అంగీకరించని పెరూ పౌరులు 1932 సెప్టెంబరు 1న ఆయుధాలతో ఊరిని పట్టుకోవడంతో యుద్ధం మొదలైంది. చివరకు నానాజాతి సమితి, అంటే ఐక్యరాజ్యసమితికి ముందు ఉన్న అంతర్జాతీయ సంస్థ, 1933 జూన్ నుంచి ఏడాదిపాటు ఒక సంఘం ద్వారా ఈ ఊరిని స్వయంగా పరిపాలించి, 1934లో కొలంబియాకు తిరిగి అప్పగించింది. ఇంతమంది పాలకులను చూసిన ఊరిలో రాజ్యం లేదనడం కుదరదు. వచ్చిన ప్రతి రాజ్యమూ కోటగా, రేఖగా, జెండాగా వచ్చిందే గాని ఆసుపత్రిగా, బడిగా, న్యాయస్థానంగా అంత ఆత్రంతో రాలేదన్నదే అసలు ఫిర్యాదు కావాలి.

నేరాల సంగతి దాచవలసినది కాదు. కొకైన్ రవాణా 1970ల నుంచి ఈ నదీమార్గాన్ని వాడుకుంటూ వచ్చింది; సమీపంలోని జవారీ లోయలో 2022 జూన్‌లో పాత్రికేయుడు డామ్ ఫిలిప్స్, ఆదివాసీ వ్యవహారాల నిపుణుడు బ్రూనో పెరెయిరా హత్యకు గురయ్యారు. కానీ వీటిని చట్టం లేని అడవి స్వభావంగా వివరించేవారు ఒక పాత ఉదాహరణను మరచిపోతున్నారు. ఉత్తరాన పుతుమాయో నది పరిసరాలలో రబ్బరు కోసం వితోతో తదితర ఆదివాసీలను బానిసలుగా చేసి, కొరడాలతో కొట్టి, చంపిన పెరూవియన్ అమెజాన్ కంపెనీ దొంగల ముఠా కాదు. 1907లో లండన్‌లో చట్టప్రకారం నమోదైన సంస్థ. బ్రిటిష్ దౌత్యాధికారి రోజర్ కేస్‌మెంట్ 1910లో జరిపిన విచారణ ఆ అకృత్యాలను బయటపెట్టింది. పెరెయిరా విషయంలోనూ, బాహ్య ప్రపంచానికి దూరంగా బతికే తెగల రక్షణ బాధ్యత నుంచి ఆయనను 2019లో తప్పించింది బ్రెజిల్ ప్రభుత్వ సంస్థే. హింసకు మూలం రాజ్యం లేకపోవడంలో కంటే, రాజ్యం ఎవరిని కాపాడాలని ఎంచుకున్నదన్న దానిలో ఎక్కువగా ఉంది.

నది సహజమైన సరిహద్దు అన్న మూడో నమ్మకం అన్నిటికంటే బలహీనమైనది. కొలంబియా–పెరూ సరిహద్దును థాల్వెగ్, అంటే నదిలో అత్యంత లోతైన పాయ వెంట సాగే రేఖ, నిర్ణయిస్తుందని అంటారు. కానీ ఏటా మట్టం పలు మీటర్లు పెరిగి తగ్గే అమెజాన్ ఇసుకను, బురదను మోసుకువస్తూ పాయలను మారుస్తుంది, పాత దీవులను కోస్తుంది, కొత్త దీవులను వేస్తుంది. లెటీసియాకు ఎదురుగా ఉన్న శాంతా రోసా అలా 20వ శతాబ్దపు రెండో సగంలో ఏర్పడిన దీవి. పెరూ దానిని 2025లో ప్రత్యేక జిల్లాగా ప్రకటించగానే, ఆ దీవి ఎవరికీ కేటాయించలేదంటూ కొలంబియా అధ్యక్షుడు గుస్తావో పెత్రో అభ్యంతరం చెప్పారు. ఇంతలో ప్రధాన ప్రవాహం పెరూ వైపుకు జరుగుతోంది, లెటీసియా రేవులో పూడిక పేరుకుంటోంది, 2024 నాటి కరువులో నీరు దారుణంగా తగ్గి పడవలు కదలలేకపోయాయి. రెండు రాజధానులు దీవి పేరు మీద వాదులాడుతుంటే, రెండు ఒడ్డులకూ ఉమ్మడి ప్రమాదమైన పూడిక వాదంలో చివరికి నెట్టబడింది.

ఈ రేఖలన్నిటికంటే ముందు నుంచీ ఇక్కడ ఉన్నవారు తికునా ప్రజలు. ఎగువ అమెజాన్‌లోని పెద్ద ఆదివాసీ సమాజాలలో ఒకటైన వీరి గ్రామాలు మూడు దేశాలలోనూ ఉన్నాయి. బంధుత్వాలు, పండుగలు, చేపల వేట సరిహద్దుకు అటూ ఇటూ సాగుతాయి. బ్రెజిల్ పట్టణం బెంజమిన్ కాన్‌స్టంట్‌లో తికునా నాయకుల చొరవతో 1991లో తెరిచిన మగ్యూతా మ్యూజియం వారి చరిత్రను వారే చెప్పుకునే ప్రయత్నం. తమ దేశం మధ్య భాగాన్ని మూడు రాజధానులు అంచు అని పిలుస్తున్నాయని వారు చెప్పగలరు; అంచు అన్నది భూగోళంలో లేదు, చూసేవారి స్థానంలో ఉంది.

ఈ దృష్టిలోపపు ఫలితం 2020లో ప్రాణాల లెక్కలో తేలింది. కోవిడ్ వ్యాధి మనావుస్ నుంచి నది వెంట పైకి వచ్చినప్పుడు, అమెజోనాస్ విభాగం జనాభా నిష్పత్తిలో కొలంబియాలోనే అత్యంత తీవ్రంగా దెబ్బతిన్నది. బొగోటా ముందుగా చేసిన పెద్ద ప్రకటనలలో ఒకటి సరిహద్దు వెంట సైన్యాన్ని పెంచడం. రెండు దేశాల వీధులు ఒకే ఊరుగా కలిసిపోయిన చోట రోగాన్ని సైనికులు ఆపలేరు. ఉమ్మడి ఆసుపత్రి పడకలు, ఉమ్మడి పరీక్షా కేంద్రాలు, ఉమ్మడి రోగుల రవాణా మాత్రమే ఆపగలవు. అమెజాన్ దేశాలు ఎనిమిది 1978లో సహకార ఒప్పందం మీద సంతకం చేశాయి. దానికి సార్థకత కలగాలంటే దాని పని రాజధానుల సమావేశాలలో కంటే లెటీసియా, తబటింగా, శాంతా రోసా పురపాలకుల చేతుల్లోకి రావాలి. పూడిక తీత, తాగునీరు, వైద్యం, చేపల వేట నియంత్రణ అనే నాలుగు విషయాలలోనైనా ఈ మూడు ఊళ్లకు కలిసి నిర్ణయించి ఖర్చు చేసే అధికారం ఇవ్వకుండా, మరో సైనిక శిబిరం, మరో జెండాస్తంభం ఏర్పాటు చేయడాన్ని అభివృద్ధి అని పిలవడం న్యాయం కాదు.