పాశర్లపూడికి ముందు పెన్సిల్వేనియా

1861 ఏప్రిల్ 17న పెన్సిల్వేనియాలో, బుకానన్ వాళ్ల పొలంలో హెన్రీ రౌస్ తవ్విస్తున్న బావి ఒక్కసారిగా చమురు చిమ్మింది. వింత చూద్దామని జనం పోగయ్యారు. చమురుతోపాటు గ్యాసూ ఎగదన్నుతోందని, దానికి చిన్న నిప్పు చాలని ఎవరికీ తట్టలేదు. 19 మంది కాలిపోయారు. వాళ్లలో రౌస్ ఒకడు. ఒళ్లంతా కాలిన మనిషి, ప్రాణం పోయేలోగా వీలునామా చెప్పి రాయించాడు: ఆస్తిలో ఎక్కువ భాగం వారెన్ కౌంటీకి, అక్కడి బీదలకీ రోడ్లకీ.

అయినా చాలాకాలం చమురు ఎగజిమ్మడమంటే అమెరికాలో పండగే. 1901లో టెక్సస్‌లోని స్పిండిల్‌టాప్ బావి తొమ్మిది రోజులు అదుపు లేకుండా చిమ్మితే జనం రైళ్లెక్కి వచ్చారు. బావి నోరు బిగించే బ్లోఅవుట్ ప్రివెంటర్‌ను అబర్‌క్రాంబీ, కామెరన్ తయారుచేసింది 1922లో.

అలాంటి పరికరాలు ఉన్నా 1995 జనవరి 8న, సంక్రాంతి ముంగిట, కోనసీమలో ఓఎన్‌జీసీ వారి పాశర్లపూడి బావి పేలింది. ఊళ్లు ఖాళీ అయ్యాయి. అమెరికా నుంచి నిపుణులొచ్చి ఆర్పేదాకా 65 రోజులు మండింది. ప్రాణాలు దక్కాయి, అదే అదృష్టం.

అదే కోనసీమలో, నగరం అనే ఊరికి ఆ అదృష్టం లేదు. 2014 జూన్ 27 తెల్లవారుజామున గెయిల్ పైపులైను నుంచి కారిన గ్యాస్ నేలబారున ఊరంతా కమ్మి, నిప్పు తగలగానే భగ్గుమంది. ఇరవై మందికి పైగా పోయారు. పైపు బావి కాదు, నిజమే. కానీ కంటికి కనబడని గ్యాస్, ఓ నిప్పురవ్వ, ఏమీ తెలియని జనం: రౌస్ బావి దగ్గర జరిగిందే 153 ఏళ్ల తర్వాత ఇక్కడా జరిగింది. ఆ గ్యాస్ కొండపల్లిలో కరెంటు తియ్యడానికి వెళ్లేది. గ్రిడ్ ఒకటే కదా, సికింద్రాబాద్ కార్ఖానాలో తిరిగే మా ఫ్యానుకి దాంతో సంబంధం లేదని నేననలేను.

తేడా ఒక్కచోట ఉంది. అమెరికాలో పొలం అడుగునున్న చమురూ మామూలుగా రైతుదే, కౌలుతోపాటు వాటా వస్తుంది. కోనసీమలో కొబ్బరితోట రైతుది, అడుగున ఉన్నది సర్కారుది. రౌస్ చావుబతుకుల్లో చేసిన పని ఇక్కడ చట్టమే ముందుగా చెయ్యాలి. రాయల్టీలో కొంత బావుల పక్క ఊళ్ల పేరనే జమ కావాలి. అందులో మొదటి ఖర్చు గ్యాస్ లీకును పసిగట్టే పరికరాలకి, రెండోది సైరనుకి, అది మోగితే పొయ్యి వెలిగించకుండా ఎటు పరుగెత్తాలో పిల్లలకి నేర్పడానికి.