మచ్చిక కాని మృగములు

మొన్నటి దసరా సెలవులలో పటాన్‌చెరువునందున్న మా చెల్లెలి యింట పది దినము లుంటిని. నేను కాళ్లు కడుగుకొనకమునుపే మా చెల్లెలు తన మొఱ వినిపించినది. "అక్కా! వీనికి నీవైనను బుద్ధి చెప్పుము. పగలు రాత్రి యనక ఆ కంప్యూటరు ముందే కూర్చుండును. ఏవో రాక్షసబల్లులట, వానితో పోరాటమట! తొమ్మిదవ తరగతి పిల్లవాడు తెల్లవారుజామున మూడు గంటలవరకు మేలుకొనినచో చదువేమి కావలయును? ఆ తీగ త్రెంచి పాఱవేయవలె నని యున్నది."

ఇట్టి మాట నేడు వినబడని యిల్లు తక్కువ. నేనును మొదట మా చెల్లెలి పక్షమే వహించితిని. కాని చూడని వస్తువును దూషించుట న్యాయము గాదు గావున, ఆ మధ్యాహ్నము వాని ప్రక్కన కుర్చీ వేసికొని, "నాయనా, నీ యాట యెట్టిదో నాకును చెప్పు"మంటిని. వాడు నావైపు సందేహముగా జూచెను. పెద్దలు ప్రక్కన కూర్చుండుట తిట్టుటకే యని పాపము వాని యనుభవము!

ఆ వీడియో ఆట పేరు 'ఆర్క్: సర్వైవల్ ఎవాల్వ్‌డ్'. స్టూడియో వైల్డ్‌కార్డ్ అను అమెరికా సంస్థ దీనిని 2015లో తొలిరూపమున వెలువరించి, 2017లో పూర్తిరూపమున విడుదల చేసినది. ఆడువాడు ఒక ద్వీపమున, సముద్రతీరమున, ఒంటరిగా మేలుకొనును. చేత పనిముట్టు లేదు, తలదాచుకొన నీడ లేదు. ఆకలి, దప్పి, చలి, ఎండ మాత్రము తప్పవు. పిడికిళ్లతో చెట్టును గ్రుద్ది కట్టెలు సంపాదింపవలెను. రాళ్లేరి గొడ్డలి చేసికొనవలెను. ముందు గడ్డిపాక, పిదప కొయ్యయిల్లు, ఆపైన రాతియిల్లు కట్టుకొనవలెను. ద్వీపమంతయు డైనోసారులు తిరుగుచుండును. ఇదంతయు విని, "ఇది మా సంసారమువలెనే యున్నదిరా!" యంటిని. వాడు మొదటిసారి నవ్వెను.

జంతువులను మచ్చిక చేసికొనుట ఈ యాటలోని ప్రధానవిద్య. మత్తుబాణములతో జంతువును పడవేయవలెను. ఒక జాతి నల్లని పండ్లను క్రుళ్లిన మాంసముతో కలిపి చేసిన మందు పెట్టుచు అది మేలుకొనకుండ జూడవలెను. ఆకులు తినుదానికి పండ్లు, మాంసము తినుదానికి మాంసము దగ్గఱ నుంచి, ఇతర మృగములు దానిని కఱవకుండ కావలి కాయవలెను. అంత శ్రమపడిన పిదప అది తనవాడని యజమానుని గుర్తించి వెంట నడచును. రెక్సు అను మహామృగ మొకటి మావానికి ఇట్లే రెండు సాయంకాలముల కష్టముచే లొంగినది. దానికి వాడు మా చెల్లెలి ముద్దుపేరు పెట్టుకొనినా డని తెలిసి, తల్లి కోపపడవలెనో నవ్వవలెనో తెలియక వంటయింటిలోనికి బోయినది.

అయితే, సోదరీమణులారా, ఆ ద్వీపమున మచ్చిక కాని మృగములును గలవు. వానిలో ఆల్ఫాలు అనునవి యున్నవి. ఇవి తమ జాతిలోని మామూలు మృగములకంటె పెద్దవి. వీని చుట్టును ఎఱ్ఱని కాంతి యుండును. ఏ పండు పెట్టినను ఏ మాంసము వేసినను ఇవి లొంగవు. సముద్రమున లీడ్సిక్తిస్ అను మహామత్స్య మున్నది. అదియు లొంగదు సరికదా, తెప్పలను పగులగొట్టును. కొండంత టైటానోసారు మఱియు విచిత్రమైనది. ఫిరంగిదెబ్బలతో దానిని లొంగదీయవచ్చునట. కాని లొంగిన పిదప, ఆట యొక్క మామూలు నియమముల ప్రకారము, అది మేత ముట్టక కొన్నాళ్లకు ఆకలితో చచ్చిపోవును! ఈ మాట విని నేను చాలసేపు ఊరకుంటిని.

మూడవనాడు మావాడు తన రెక్సు నెక్కి ఒక ఆల్ఫా కెదురు పోయెను. వలదని వానికే తెలియును. ఎత్తైన రాతిమీదనుండి బాణములు వేయవచ్చును, ఇంటికి దూరముగా దారి మళ్లింపవచ్చును, లేదా తప్పించుకొని పోవచ్చును. కాని తన రెక్సు బలమును జూచుకొని గర్వించినాడు. నిమిషములలో రెక్సు చచ్చినది. వాడును చచ్చి మరల తీరమున మేలుకొనెను. పదునాలుగేండ్ల పిల్లవాడు ముఖము గోడవైపు త్రిప్పుకొని కన్నీరు తుడుచుకొనెను. కొంతసేపటికి నేను, "మరి దానిని జూచినపు డేమి చేయవలెనురా?" యంటిని. "ఉరుకుడే పెద్దమ్మా! ఉరుకుటయు ఆటలో భాగమే. నాకు తెలిసి గూడ ఉరుకలేదు" అనెను.

వానికి కొంత గాలి మార్పు కలుగునని మఱునాడు సంగారెడ్డి చేరువనున్న మంజీరా వన్యప్రాణి అభయారణ్యమునకు తీసికొని పోతిని. 1978లో ఏర్పడిన యీ యభయారణ్యము మొసళ్లకు నెలవు. అక్కడి జలాశయపు నీరు హైదరాబాదు, సికిందరాబాదు జనులకు త్రాగునీరుగా పోవుచుండును. దూరమునుండి ఒక మొసలి కనబడినది. కొయ్యదుంగవలె కదలక పడియున్న ఆ జంతువు పూర్వులు డైనోసారులు తిరిగిన కాలముననే యుండిరనియు, ఆ రాక్షసబల్లులు నశించినను ఆ వంశము నిలిచిన దనియు చెప్పితిని. వాడు చాలసేపు చూచి, "ఇదియు ఆల్ఫాయే పెద్దమ్మా. దీనిని మచ్చిక చేయనక్కఱ లేదు, దాని నీరు దానికి విడిచిన చాలును" అనెను.

ఆ మాట నాకు నచ్చినది. త్రోవలో వానికి చిఱుతల కథ చెప్పితిని. 2022 డిసెంబరులో ఇదే జిల్లాలో, గడ్డపోతారమునందలి యొక మందుల కర్మాగారములోనికి చిఱుతపులి ప్రవేశించినది. అటవీశాఖవారును జంతుప్రదర్శనశాలవారును వచ్చి గంటలతరబడి శ్రమించి, మత్తుసూది ప్రయోగించి పట్టి, హైదరాబాదు నెహ్రూ జంతుప్రదర్శనశాలకు చేర్చిరి. 2025 ఏప్రిల్‌లో పటాన్‌చెరువునందలి ఇక్రిశాట్ వ్యవసాయ పరిశోధనాక్షేత్రమునను ఒక చిఱుత బోనులో పడినది. "చూచితివా, నీ యాటలోవలెనే మత్తుమందు! కాని అది మచ్చిక యైనదా?" యంటిని. "కాలేదు. పట్టుట వేఱు, మచ్చిక చేయుట వేఱు" అనెను. ఆ కర్మాగారపు పనివారు కఱ్ఱలు గొని తామే దానిపైకి పోయిన నేమగునో యిద్దఱమును ఊహించుకొంటిమి. తెలిసినవారికి కబురంపి, తాము తొలగియుండుటయే వారి రక్ష.

నాటి రాత్రి రెండు గంటలకు మెలకువ వచ్చి చూతును గదా, ముందుగదిలో వెలుతురు! మావాడు కంప్యూటరు ముందే యున్నాడు. కాని ఆడుటలేదు. ఆటలో వాని బొమ్మ రాతియింటిలో తలుపు మూసికొని నిలిచియున్నది. వాని చూపు వీధితలుపు మీద నున్నది. "ఏమిరా?" యంటిని. "నాన్న రాత్రి డ్యూటీ" అనెను. అంతటితో ఆగెను. నేను ప్రక్కన కూర్చుంటిని. కొంతసేపటికి తానే చెప్పెను.

2025 జూన్ 30వ తేదీ ఉదయము పాశమైలారము పారిశ్రామికవాడలోని యొక కర్మాగారమున జరిగిన పేలుడులో ఏబదిమందికి పైగా పనివారు మరణించిన సంగతి మీ రెఱుగుదురు. ఆ దినము మా మఱది అదే వాడలో, వేఱొక కర్మాగారమున పనిలో నుండెను. చాలసేపటివరకు ఫోను కలియలేదు. ఆయన క్షేమముగా ఇల్లు చేరెను. ఇంటిలో నందఱును భోజనము చేసి పండుకొనిరి. మఱునాటినుండి యెవరును ఆ మాట యెత్తలేదు. పిల్లవాని భయము పోయినదో లేదో యెవరును అడుగలేదు. అప్పటినుండి తండ్రి రాత్రిపనికి పోయినప్పుడెల్ల వాడు మేలుకొని యుండును. ఊరక కూర్చున్న తల్లి నిద్రపొమ్మనును; ఆట యాడుచున్నచో తిట్టి పోవును. తిట్లే వానికి మే లనిపించినవి.

"నాన్న ఉరుకడు పెద్దమ్మా! ఏమైనను జరిగిన, అందఱును బయటికి వచ్చుచుండగా తాను లోనికి బోయి ఏదో ఆపబోవును. నాన్నకు ఆల్ఫా యేదో తెలియదు" అని వాడనగా నా గుండె నీరైనది.

ఉదయము మా మఱది వచ్చి కాఫీ త్రాగుచుండగా ఈ మాట యథాతథముగా చెప్పితిని. ఆయన మొదట నవ్వి, "చిన్నవాడు వదినా, బెదరినాడు" అనెను. పిదప గిన్నె క్రింద బెట్టి యూరకుండెను. చివఱకు, "వాడన్నది నిజమే. ఒకసారి హెచ్చరికగంట మ్రోగినను, సగములో నున్న పని చెడునని నేను వెనుకకు పోయితిని. ఏమియు కాలేదు గనుక ఎవరితోను చెప్పలేదు" అనెను. మా చెల్లెలి చేతిలోని గరిటె ఆగిపోయినది.

నాటి సాయంకాలము తండ్రి కుమారుని ముందు కాగితము పఱచి తాను పనిచేయు విభాగమును గీచి చూపెను. వెలుపలికి పోవు ద్వారము లెచ్చట, గంట మ్రోగిన నెచ్చట చేరవలెను, ఏది తన పని, ఏది మంటలార్పువారి పని అన్నియు చెప్పెను. వాడు న్యాయవాదివలె ప్రశ్నలడిగెను: "ఆ తలుపునకు తాళ ముండునా? దానికడ్డముగా పీపాలు పెట్టుదురా?" ఒక ప్రశ్నకు తండ్రివద్ద జవాబు లేదు, పోయి కనుగొని చెప్పెద ననెను. తుదకు వాడు చేయి చాచి "ఒట్టు" అనెను. మా మఱది ఆ చేతిలో చేయి వేసెను.

సోదరీమణులారా! పిల్లలు గంటలతరబడి తెరముందు కూర్చుండుట మంచిదని నే ననను. రాత్రి నిద్ర లేకున్న దేహమును బుద్ధియు రెండును చెడును. దానికి గడువు పెట్టవలసినదే. కాని తీగ త్రెంచుటకు ముందొక మధ్యాహ్నము వారి ప్రక్కన కూర్చుండుడు. ఏమాడుచున్నారో, ఎందుకు మేలుకొనుచున్నారో అడుగుడు. మా చెల్లెలు తీగ త్రెంచియున్నచో ఆ భయము చీకటిలో ఒంటరిగా మేలుకొని యుండెడిది.

మన భర్తలు, అన్నదమ్ములు, కుమారులు నేడు కర్మాగారములలో నావిరితోను, మంటతోను, మందులతోను పనిచేయుచున్నారు. కొన్ని సంగతులు నేర్పుచే లొంగును. కొన్ని ఎంతటి నేర్పరికిని లొంగవు. అట్టిదానిని జూచి వెనుదిరిగినవానిని పిఱికివా డని మన యిండ్లలో ఎవ్వరును అనకుందురు గాక. పనికి పోవువారిని "గంట మ్రోగిన నేమి చేయుదువు?" అని యడుగుట అపశకునము గాదు, అన్నము మూట కట్టినట్టే అదియు మన పని.

మఱియొక మాట. రాక్షసబల్లులపై పిల్లలకు మక్కువ యున్నచో హైదరాబాదునందలి బిర్లా విజ్ఞానశాలకు తీసికొని పొండు. నాటి ఆదిలాబాదు జిల్లా యామన్‌పల్లి ప్రాంతమున దొరకిన, పదునెనిమిది కోట్ల యేండ్లనాటి 'కోటసారస్' ఎముకలగూడు అక్కడ నిలిచియున్నది. 1988లో ఆ పేరు పెట్టినవారు మన శాస్త్రజ్ఞులే. వచ్చు సెలవులకు మావానిని తీసికొని పోవుదునని మాట యిచ్చితిని.

తండ్రి యిపుడు రాత్రిపనిలో విరామము దొరకగానే ఇంటికి ఫోను చేయుచున్నాడట. వాడు ఆ ఫోను వచ్చువరకు కూర్చుండి, పదకొండు గంటలకు పండుకొనుచున్నాడని మా చెల్లెలు చెప్పినది. మూడు గంటలనుండి పదకొండునకు వచ్చినాడు. కొత్త రెక్సు నొకదానిని మచ్చిక చేసికొనినాడట; దానికి నా పేరు పెట్టినాడట!