గోడమీది కాగితము

'మాలపిల్ల' చిత్రమును పొగడనివా రాంధ్రదేశమున అరుదు. తెలుగు తెర మాటలు నేర్చి ఏడేండ్లు నిండకమునుపే, 1938లో, గూడవల్లి రామబ్రహ్మముగారు పురాణకథలను ప్రక్కకు నెట్టి, చలముగారి కథను చేపట్టి, బ్రాహ్మణ యువకునికిని మాలపిల్లకును పుట్టిన వలపును పదిమంది యెదుట నిలిపిరి. కాంచనమాల సంపలతయైనది. ఆ సాహసమును మేము తక్కువచేయము. కాని చదువరులారా, ఆ కథ యెట్లు ముగిసినదో జ్ఞప్తికి తెచ్చుకొనుడు.

ప్రేమికులు కలకత్తాకు పారిపోవలసివచ్చినది. సుందరరామశాస్త్రి భార్య మంటలలో చిక్కుకొనగా హరిజనుడు కాపాడెను. అప్పటికిగాని శాస్త్రిగారి మనసు కరగలేదు. గుడి తలుపు తెరచుకొనలేదు. ఔరా! చెరువునీటికిని, వలచినవానితోడి కాపురమునకును నిప్పులో దూకి యోగ్యతాపత్రము సంపాదింపవలెనా? ఆ పరీక్ష శాస్త్రిగారి కేల లేదు?

నాటి చట్టమైనను శాస్త్రిగారి పక్షమే. 1872 నాటి వివాహ చట్టమునకు 1923లో చేసిన సవరణచే భిన్నకులముల హిందువులు మతము విడువకయే రిజిస్ట్రారు ఎదుట పెండ్లియాడవచ్చును. అట్లు పెండ్లియాడినవాడు అవిభక్త కుటుంబమునుండి వేరుపడినట్లే. వేఱు కుమారుడు లేనిచో తండ్రి మఱియొకనిని దత్తు చేసికొనవచ్చును! కొడుకు బ్రతికియుండగనే చట్టము వానికి తిలోదకము లిచ్చినదన్నమాట.

1949లో హిందువుల కులాంతర వివాహములు చెల్లునని శాసనమైనది. అంతటితో పని ముగిసినదని కొందఱు పెద్దలు సంతసింతురు. జిల్లాకు అంబేడ్కరుని పేరు పెట్టబూనగా 2022 మేనెలలో అమలాపురమున మంత్రి, శాసనసభ్యుల యిండ్లకు నిప్పు పెట్టిన సీమలో నుండియు ఇట్టి సంతోషమా!

మన కోనసీమ దళితులలో క్రైస్తవులు పెక్కురు. వారిలో నొకరును హిందువు నొకరును ఎవరి మతమున వారుండి రిజిస్ట్రారు ఎదుట పెండ్లియాడదలచినచో 1954 నాటి ప్రత్యేక వివాహ చట్టము ఒక మార్గము. ఆ చట్టము వారి నోటీసును కార్యాలయమున అందఱికి కనబడుచోట అంటింపుమన్నది. ఆక్షేపణలకు 30 దినముల గడువిచ్చినది. ఎవరికొఱకు ఈ ప్రకటన? కత్తి నూరుచున్న బంధువులకా? 2018లో మిర్యాలగూడలో గర్భవతియగు భార్య కన్నులయెదుట దళిత యువకుని నరికి చంపిరి. 2025లో న్యాయస్థానము దోషులకు శిక్షలు విధించినది. ఆ బిడ్డకు తండ్రి రాడు.

వయస్సును, పూర్వవివాహమును రిజిస్ట్రారు విచారించుకొనుగాక, మాకు అభ్యంతరము లేదు. గోడమీది కాగితమును మాత్రము దింపవలెను. కొత్తపేట, రాజోలు, అమలాపురముల న్యాయవాదులు ఈ సవరణకై మన పార్లమెంటు సభ్యుని నిలదీయవలెనని కోరుచున్నాము.