పాట అతనిది... పేరు వాళ్లది

తాగి తాగి ఎర్రబడ్డ ముక్కును అమెరికా వాడుకలో 'జిన్‌ బ్లాసమ్‌' అంటారు. 1987లో అరిజోనా రాష్ట్రంలోని టెంపీలో కొందరు కుర్రాళ్లు రాక్‌ బ్యాండ్‌ పెట్టి, దానికి 'జిన్‌ బ్లాసమ్స్‌' అని పేరు పెట్టుకున్నారు. ఏ ముహూర్తాన పెట్టారో కానీ!

టెంపీ... యూనివర్సిటీ ఉన్న ఊరు. అక్కడి బార్లలో వాయిస్తూ పేరు తెచ్చుకున్న ఆ బృందంతో 1990లో ఏ అండ్‌ ఎం రికార్డ్స్‌ ఒప్పందం చేసుకుంది. వాళ్ల అసలు బలం గిటారిస్టు డగ్‌ హాప్‌కిన్స్‌. మంచి పాటలు రాసేవాడు. అతని బలహీనత మద్యం. 1992లో మెంఫిస్‌లో ఆల్బమ్‌ రికార్డింగ్‌ జరుగుతుండగా పరిస్థితి చేయి దాటింది. మిగతావాళ్లు అతణ్ని ఇంటికి పంపేశారు. ఆనక బృందంలోంచే తీసేశారు.

అదృష్టం ఆ తర్వాతే తలుపు తట్టింది. ఆ ఆల్బమ్‌... 'న్యూ మిజరబుల్‌ ఎక్స్‌పీరియన్స్‌'. మొదట్లో నత్తనడకే. 1993లో అందులోని 'హే జెలసీ' దేశమంతా మారుమోగింది. రాసింది హాప్‌కిన్సే! వేదిక మీద అతని స్థానంలో గిటారు పట్టింది మాత్రం స్కాట్‌ జాన్సన్‌. ఆ పాటకు వచ్చిన గోల్డ్‌ రికార్డును హాప్‌కిన్స్‌ కొన్నాళ్లు గోడకు తగిలించుకున్నాడు. తర్వాత తీసి ముక్కలు చేశాడు. ఆ డిసెంబరులోనే ఆత్మహత్య చేసుకున్నాడు. అప్పటికి 32 ఏళ్లు.

ఆపైన బృందం ఎక్కడికెళ్లినా రెండే మాటలు... విజయానికి అభినందన, మిత్రుడి కోసం పరామర్శ. 1996లో తెచ్చిన ఆల్బమ్‌కు ఆ మాటల్నే పేరుగా పెట్టారు- 'కంగ్రాచ్యులేషన్స్‌ ఐయామ్‌ సారీ'. మరుసటి ఏడాదే విడిపోయారు. కొన్నేళ్లకు మళ్లీ కలిసి కచేరీలు మొదలుపెట్టారు. అక్కడ జనం ఎదురుచూసేది 'హే జెలసీ' కోసమే.