లూయీజ్ బీవర్స్‌కు హాలీవుడ్ ఇవ్వని వాటా

1934లో యూనివర్సల్ సంస్థ తీసిన ‘ఇమిటేషన్ ఆఫ్ లైఫ్’లో డిలైలా అనే నల్లజాతి పనిమనిషి ఉంటుంది. ఆమె చేతి పాన్‌కేకులే పెట్టుబడిగా యజమానురాలు బియా కొట్టు తెరుస్తుంది. అది పెరిగి పెద్ద కంపెనీ అవుతుంది. సరుకు మీద గుర్తు కూడా డిలైలా ముఖమే. బోర్డు మీద బొమ్మ కోసం పళ్లు కనబడేలా నవ్వమంటే ఆమె నవ్వుతుంది, ఆ నవ్వును చెదరనీయకుండా అలాగే పట్టి ఉంచుతుంది. తీరా ఇరవై శాతం వాటా ఇస్తామంటే, తనను ఇంట్లోంచి పంపేస్తారేమోనని బెదిరిపోతుంది. పద్నాలుగేళ్ల తర్వాత, 1948లో, ‘మిస్టర్ బ్లాండింగ్స్ బిల్డ్స్ హిజ్ డ్రీమ్ హౌస్’ వచ్చింది. అందులో హామ్ ప్రకటనకు నినాదం తట్టక కథానాయకుడు కేరీ గ్రాంట్ ఉద్యోగం ఊడేలా ఉంటుంది. పనిమనిషి గస్సీ మాటల మధ్య అలవోకగా అన్న వాక్యమే ఆ నినాదమై అతన్ని గట్టెక్కిస్తుంది. గస్సీకి దక్కింది పది డాలర్ల జీతం పెంపు. ఈ రెండు పాత్రలూ చేసింది ఒక్కరే, లూయీజ్ బీవర్స్. నల్లజాతి మనిషి ప్రతిభ సొమ్ము చేస్తుందని హాలీవుడ్‌కు బాగా తెలుసు, కథల్లోనే చెప్పుకుంది. తెలిసి కూడా ఆ మనిషికి వాటా ఇవ్వలేదు. బీవర్స్ నటజీవితం అందుకు నిలువెత్తు సాక్ష్యం.

బీవర్స్‌కు పనిమనిషి వేషాలకు మించిన సత్తా లేదేమో అనేవారికి డిలైలాయే జవాబు. తెల్లగా కనిపించే కూతురు పియోలా, అందరి ముందూ తల్లిని కాదన్నప్పుడు బీవర్స్ గొంతు పెంచరు. ఆ ముఖంలో అవమానం కంటే ముందు బిడ్డ మీద జాలి కనబడుతుంది. కథ మొత్తానికీ బరువు అక్కడే ఉంది. సినిమా బాగా ఆడింది, ఉత్తమ చిత్రం ఆస్కార్‌కు నామినేషన్ కూడా పొందింది. బీవర్స్‌కు నామినేషన్ రాలేదు. సహాయ పాత్రలకు అవార్డు 1936 నాటి చిత్రాలతోనే మొదలైంది కాబట్టి దీన్ని పక్కన పెట్టవచ్చు. తర్వాత జరిగిందే అసలు అన్యాయం. ‘బుల్లెట్స్ ఆర్ బ్యాలెట్స్’ (1936)లో జూదపు దందా నడిపే నెల్లీ పాత్ర, నల్లజాతి ప్రేక్షకుల కోసం తీసిన ‘రిఫార్మ్ స్కూల్’ (1939)లో ప్రధాన పాత్ర వంటి కొన్నింటిని మినహాయిస్తే, ఆమెను తిరిగి వంటింట్లోకే పంపారు. 1952లో టీవీకి వెళ్తే అక్కడా ‘బ్యూలా’ అనే పనిమనిషి వేషమే.

అలాంటి పాత్రలు ఒప్పుకోవడమే తప్పు కదా అన్నది బలమైన అభ్యంతరం. నల్లజాతి గౌరవం కోసం పోరాడుతున్న సంస్థ ఎన్‌ఏఏసీపీ 1940లలో ఇదే వాదించింది. తెర మీద అదే బొమ్మ పదేపదే చూసిన జనం మనసులో ఏం నాటుకుంటుందో ఆలోచిస్తే ఆ కోపం న్యాయమైనదే. కానీ ఒప్పుకోనివారికి ఏం దక్కిందో చూడాలి. పియోలాగా నటించిన నల్లజాతి నటి ఫ్రెడీ వాషింగ్టన్ తెల్లమనిషిగా చలామణీ కావడానికి ససేమిరా అన్నారు. 1937 తర్వాత ఆమె సినిమా జీవితమే ముగిసింది. అంటే బీవర్స్ ముందున్న దారులు గౌరవమైన పాత్ర, పనిమనిషి పాత్ర కావు. పనిమనిషి పాత్ర లేదా తెరకే దూరం కావడం. తప్పు ఆ రెండు దారులే ఉంచిన స్టూడియోలది.

కాలమే అలాంటిది, క్రమంగా మారింది అంటారు. 1959లో యూనివర్సల్ అదే కథను మళ్లీ తీసింది. పనిమనిషి పాత్ర వేసిన వానీటా మూర్‌కు ఆస్కార్ నామినేషన్ వచ్చిన మాట నిజం. కూతురి పాత్ర మాత్రం సూజన్ కోనర్‌కు, అంటే నల్లజాతికి చెందని నటికి, ఇచ్చారు. యజమానురాలిని రంగస్థల నటిగా మార్చి పాన్‌కేకుల వ్యాపారాన్ని కథలోంచే తీసేశారు. ఆ ఇంటి సంపదలో ఇక పనిమనిషి చేయి లేదు కాబట్టి, వాటా ప్రస్తావనే రాలేదు.